ఎనిమిదో దుప్పటి

“కొలతలకే పది రోజులు పట్టింది. ఇక పెట్టెలు చేయడానికి ఎన్నేళ్ళు పడుతుందండీ?”

కొట్టు గుమ్మంలో గొడుగు దులుపుతూ ఆమె అన్న తొలి మాట అది. చినుకులు వచ్చి చిత్రిక పట్టిన చెక్కమీద పడ్డాయి. పెట్టెల మేస్త్రి వాటిని చొక్కా అంచుతో తుడిచి, ఆ తరువాతే తలెత్తాడు.

“చెక్క ఆరాలి మేడమ్. తడి పెట్టెలో పెడితే మీ దుప్పట్లకు బూజు పడుతుంది.”

“వాటిని దుప్పట్లనకండి.”

“మరేమనాలి?”

“ఇళ్ళు.”

నిజానికి అవి ఇళ్ళే. దేశం విడిచి వచ్చినవారి చేత, వదిలివచ్చిన ఇంటి నమూనాను జ్ఞాపకం నుంచి గీయించి, వారు కప్పుకున్న దుప్పటిమీదే నీలిదారంతో కుట్టడం ఆ కళాకారిణి పని. ప్రదర్శననాడు దాన్ని నేలమీద పరుస్తుంది. పక్కనున్న చిన్న స్పీకరులో ఆ ఇంటిమనిషి గొంతు ఎటు చెబితే అటు, కళ్ళు మూసుకుని నడుస్తుంది. ఏడు ఇళ్ళు పూర్తయ్యాయి. ఆమెకూ ఇది పరాయి దేశమే. ఉండటానికిచ్చిన గడువు నెలాఖరుతో సరి. పొడిగించమని దరఖాస్తు పెట్టుకుంది. కాదంటే ఏడు పెట్టెలతో వెళ్ళిపోవాలి.

ఆ సంగతి తెలిసిన నాటినుంచి మేస్త్రి చేతులు మందగించాయి.

“నిన్న బిగించిన మూత మళ్ళీ ఊడదీశారేం?” స్టూలుమీద కూర్చుని ఆమె అడిగేది.

“వెంట్రుకవాసి తేడా ఉంది.”

“నాకు కనబడటం లేదే!”

“నా కళ్ళతో చూడాలి.”

“అబ్బో, మహా కళ్ళు!” అని నవ్వేది. ఆ నవ్వుకు మరో రెండు స్క్రూలు వదులయ్యేవి.

మీరూ ఎక్కడో ఒక ఇల్లు వదిలే వచ్చి ఉంటారు, ఎనిమిదో ఇల్లు మీదేనంటూ ఆమె వెంటపడింది. తప్పించుకుని, తప్పించుకుని, ఒక మధ్యాహ్నం అతను ఇంటి నమూనా గీసిన కాగితం చేతికిచ్చాడు. చూస్తూ చూస్తూ ఆమె ముఖం పాలిపోయింది.

“ఈ వంటగది మొదటి దుప్పటిలోని నర్సమ్మది. ఈ మూడు మెట్లు బస్సు డ్రైవరుగారివి. పెరటి తలుపు దర్జీ తాతయ్యది. కొలతలు తీసుకుంటున్నారనుకున్నాను, వాళ్ళ ఇళ్ళు ఎత్తుకుపోతున్నారా? నా పనంటే అంత ఎగతాళా?”

కాగితం బల్లమీద పడింది. వానలో గొడుగైనా తెరవకుండా వెళ్ళిపోయింది.

ఇంటికి చేరిన అతణ్ణి చూసి, చిన్నప్పటినుంచీ పెంచిన పిన్ని సంగతంతా రాబట్టింది.

“నిజం చెప్పొచ్చుగా, మొద్దూ!”

“ఏమని పిన్నీ? నాకు గుర్తుచేసుకోవడానికి ఇల్లే లేదనా?”

“అదే చెప్పు. పదకొండు అద్దెగదులు మారాం, ఏ ఓనరూ ఒక్క గోడకైనా మేకు కొట్టనివ్వలేదని చెప్పు. వడ్రంగం నేర్చినవాడివి, క్యాలెండరు కుర్చీకి కట్టుకుని బతికావని చెప్పు.”

మర్నాడు ఆమె గదికి వెళ్ళి అంతా చెప్పాడు. ఆమె కిటికీ వైపు తిరిగి విన్నది.

“ఎక్కడ ఏముందో కళ్ళు మూసుకుని చెప్పమంటే, నాకు తెలిసింది ఒక్కటే,” అన్నాడు చివరికి. “కొట్లో మీరు కూర్చునే స్టూలు.”

ఆమె సొరుగులోంచి ఒక ఉత్తరం తీసి అతని ముందు పెట్టింది. గడువు పొడిగించలేదు. నాలుగు రోజుల్లో దేశం వదలాలి.

“ముందే అనొచ్చుగా, మేస్త్రిగారూ...” అంటూ ఉత్తరం మడిచింది. “మీ దుప్పటి పంపండి.”

ఆ నాలుగు రోజుల్లో అతను ఏడు మూతలూ బిగించాడు. ఈసారి వెంట్రుకవాసి తేడా కూడా లేదు. అంత నిర్దయగా అతను ఎన్నడూ పని చేయలేదు.

పెట్టెలు లారీకెక్కాక ఆమె ఒక మూట అతని చేతుల్లో పెట్టింది. మళ్ళీ దరఖాస్తు పెడతానన్నది. ఇస్తారో లేదో ఆమెకూ తెలియదు.

ఇంటికొచ్చి సుత్తి అందుకున్నాడు.

“ఒరేయ్, ఓనరుగారు...” అంది పిన్ని. అంతలోనే నోరు మూసుకుని, తానే మేకులడబ్బా పట్టుకుంది.

గోడమీద దుప్పటి విచ్చుకుంది. నీలిదారంతో కుట్టిన ఒకే ఒక్క గది, అతని కొట్టు: పనిబల్ల, కిటికీ, గుమ్మం. దానివెంట వచ్చిన చిన్న స్పీకరు నొక్కితే ఆమె గొంతు పలికింది.

“కళ్ళు మూసుకోండి. గుమ్మం దాటగానే కుడిపక్కన స్టూలు ఉంటుంది. దాన్నెవరికీ ఇవ్వకండి.”