ఎడమచేతి ట్రంపెట్

"వెళ్ళు, వెళ్ళి ఆ వెల్మాకే వాయించు నీ ట్రంపెట్!" అంటూ ఎర్లీన్ బట్టల పెట్టె పట్టుకుని విసవిసా నడిచింది. నేను వెంటపడ్డాను.

"ఏం చేశానో చెప్పి తిట్టు తల్లీ!"

"కన్ను కొట్టావు! సినిమాలో, మన హార్లెమ్ పేటంతా చూసేలా కొట్టావు. నీ కుడివైపు నేను అరికాళ్ళు మండేలా ట్యాప్ డాన్స్ ఆడుతుంటే, తమరు ఎడమవైపు ఆడుతున్న వెల్మాని చూసి మురిసిపోతున్నారు!"

ఆ సినిమాకి పాట ముందే రికార్డు చేసేశారు. షూటింగ్ రోజు మా బ్యాండుకి పనే లేదు, ఉత్తుత్తినే బుగ్గలు ఉబ్బించడం తప్ప. ఆ తీరికలో నేను చూసింది ఎర్లీన్‌నే. చూసి చూసి మెడ పట్టేసింది కూడా.

"ఎక్కడ చూశావు ఆ సినిమా?"

"చర్చి హాల్లో, గోడకి దుప్పటి కట్టి వేశారు. ఆ కన్ను కొట్టేచోట తెర నిండా నువ్వూ నీ ట్రంపెట్టే, మేమిద్దరం లేనే లేం! ఆదివారం మన పెళ్ళి మాట అమ్మకి చెబుదామనుకున్నా. ఇప్పుడు షికాగో ట్రూపుతో పోతున్నా. ఇంకాసేపట్లో రైలు."

అంతలో ఏదో తట్టింది.

"అందులో ట్రంపెట్ మీటలు ఏ చేత్తో నొక్కుతున్నాను?"

"ఎడమ..." అని ఆగింది.

"నేనెప్పుడైనా ఎడమచేత్తో వాయించానా?"

స్టేషను పక్క కేఫేలోకి లాక్కెళ్ళాను. మూలన, డబ్బులేస్తే పాట చూపించే సినిమా పెట్టె ఉంది, అందులో నాణెం వేశాను.

"ఇవి ఈ పెట్టెల కోసం తీసే సినిమాలు. లోపలి అద్దాలు బొమ్మని తిరగేస్తాయి కాబట్టి, ముందే కుడిఎడమలు మార్చి ముద్రిస్తారు. మీ దుప్పటి వెనక అద్దమేదీ? అందుకే అక్కడ కుడి ఎడమైంది!"

పెట్టెలో నేను కుడిచేత్తో మీటలు నొక్కుతూ కుడివైపు తిరిగి కన్ను కొట్టాను.

"అబ్బో! ఆ పిల్లెవరో గానీ, అబ్బాయి పనైపోయింది!" అంది కౌంటర్ దగ్గరి పెద్దావిడ.

ఎర్లీన్ పెదవి కొరుక్కుంది. "ఇంకోసారి వెయ్."

"మరి రైలో?"

"వెయ్యమన్నానా!"

బయటికొచ్చాక బట్టల పెట్టె నా చేతికిచ్చి, కావాలనే నా ఎడమవైపుకి వచ్చింది. "మెడ ఇటు కూడా తిరుగుతుందా, అటే బిగుసుకుపోయిందా?"

తిప్పాను. దీపస్తంభం ఠక్కున నుదుటికి తగిలేదాకా అలాగే చూస్తూ నడిచాను.

"మీ అమ్మకి ఏమని చెప్పను?" అన్నాను బొప్పి తడుముకుంటూ.

"మన పెళ్ళి సంగతి నువ్వు చెప్పు. బొప్పి సంగతి నేను చెప్తాలే!"