మంచు పట్టిన కిటికీ

అంగారకుడి మీది అరుణపురంలో ఇంటి పరువు కిటికీలో కనిపించేది. ప్రభుత్వం గొట్టాల్లో పంపే వేడిని కట్టేస్తే అద్దానికి మంచు పట్టేది. ఆ మంచు చూసి, పాపం చితికిపోయారని వీధంతా చెవులు కొరుక్కునేది. అందుకే తిండి తగ్గించుకున్నవాళ్లు కూడా వేడి మాత్రం తగ్గించేవారు కాదు.

ఆ వేడికి ధర కట్టేది సహనమాపి అనే యంత్రం. ప్రతి ఇంటి వాల్వులోనూ దానికో సెన్సర్ ఉంది. ధర పెరిగాక జనం వాల్వు కట్టేస్తే భారమైందని తగ్గిస్తుంది. కట్టేయకపోతే భరించగలరని ఇంకాస్త పెంచుతుంది. దాన్ని కనిపెట్టినవాళ్లు మహా మేధావులే, కాదనను. మనుషులకు పరువనే జబ్బొకటి ఉంటుందని మాత్రం వాళ్లకు తట్టలేదు.

నెలలు నిండకుండా పుట్టిన బిడ్డల్ని సాకే శిశుగృహం మార్తమ్మది. ఈసారి పెంపుతో అందులో రెండు గదులు మూసేయాల్సిన గతి పట్టింది. ఆ గదుల్లోని పసికందుల్ని ఎక్కడ పెట్టాలో తోచక ఆమె కోర్టుకెక్కింది.

న్యాయమూర్తి పరిమళ సహనమాపినే సంజాయిషీ అడిగింది. అందరి అభ్యంతరాలూ చదివాననీ, అందరికీ ఒకే లెక్క వేశాననీ, ఊళ్లో ఒక్కరూ వాల్వు కట్టేయలేదనీ అది చెప్పింది.

“పసిబిడ్డల గదిలో వాల్వు ఎట్టా కట్టేస్తానండీ?” అంది మార్తమ్మ.

 పరిమళ తీర్పు చెప్పింది. ప్రభుత్వం చట్టప్రకారం నడిచిందా, ఇష్టారాజ్యంగా చేసిందా అన్నంతవరకే కోర్టు చూడగలదు. ధర ఎంత ఉండాలో తేల్చడం కోర్టు పని కాదు. పిటిషన్ కొట్టేసింది.

మార్తమ్మకు ఒళ్లు మండిపోయింది. కోర్టు మెట్ల మీదే నిలబడి, అందరూ ఇళ్లలో వాల్వులు కట్టేయండి, కంబళ్లు కప్పుకుని కూర్చుందాం, ఆ యంత్రానికి అర్థమయ్యేది అదొక్కటే అని కేకేసింది. అందరూ తలూపారు. ఇళ్లకెళ్లి కిటికీలు తుడుచుకున్నారు.

తన ఇంట్లో తనొక్కతే కట్టేసింది. మంచు పట్టిన కిటికీ చూసి ఎదురింటావిడ జాలిపడి రొట్టెలు పంపితే తిప్పి పంపింది.

మర్నాడు పొద్దున జనం జడ్జిగారి ఇంటి ముందు నోరు తెరుచుకుని నిలబడిపోయారు. కిటికీ తెల్లగా ఉంది. శాలువా కప్పుకుని పరిమళ గుమ్మంలోకి వచ్చింది. వాల్వు పాడైందా అని సహనమాపి గుమ్మం పక్కనున్న స్పీకరులోంచి అడుగుతోంది.

“పాడవలేదు. ధర భరించలేక నేనే కట్టేశాను.”

“ఆ ధరను కోర్టులో మీరు కొట్టేయలేదు కదా అమ్మా?”

“బెంచీ మీద నాకు హద్దులున్నాయి. నా ఇంటి వాల్వుకు లేవు.”

జడ్జిగారే కట్టేశాక ఇక అందులో నామోషీ ఏముంది? సాయంత్రానికి వీధులన్నీ తెల్లబడ్డాయి. ఇప్పుడు కిటికీ తేటగా ఉన్నవాళ్లకే తలవంపులు. వెచ్చగా కూర్చుని అద్దానికి లోపలినుంచి టూత్‌పేస్టు పూస్తూ ఒక పెద్దమనిషి దొరికిపోయాడు కూడా.

సహనమాపి ధర దించింది. అప్పటికి ఊరు మొత్తంలో తేటగా ఉన్నవి శిశుగృహం కిటికీలే. వాటివైపు చూసి ఎవరూ చెవులు కొరుక్కోలేదు.