పద్మకుమారి పైకోర్టుకెళ్లింది

అసిరయ్య మీద ఫిర్యాదులు రాయాలంటే దస్తా కాగితాలు చాలవు. అన్నిటికన్నా పెద్దది ఒకటుంది. పైవాళ్లంటే ఆయనకు వల్లమాలిన భక్తి. ఇరవై ఆరేళ్లుగా జంషెడ్‌పూర్ ఉక్కు కర్మాగారంలో పని. ఫోర్‌మన్ సెలవులో ఉన్నా ఆ ఖాళీ కుర్చీకి దండం పెట్టిగాని మిషను ముట్టుకోడు. ఆ భక్తిలో పావువంతు ఇంట్లో చూపిస్తే భార్య నూకాలమ్మ ఎప్పుడో దేవతైపోయేది.

1983లో ఒక ఉదయం, బారిడీహ్ క్వార్టర్లో నూకాలమ్మ అట్లు పోస్తుంటే కూతురు పద్మకుమారి చెప్పులు తొడుక్కుంది.

“నాన్నా, రాంచీ ఎల్తన్నాను. రత్నం కేసు తొందరగా తేల్చమని హైకోర్టులో అర్జీ ఎయ్యాలి.”

రత్నం ఆమె కూతురు. భర్త నుంచి విడిపోయినప్పుడు అత్తవారు పిల్లను అదే ఊళ్లో మాంగో అనే పేటలో తమ దగ్గరే ఉంచేసుకున్నారు. తన బిడ్డను తనకిప్పించమని పద్మ కేసు వేసేనాటికి రత్నానికి మూడేళ్లు. ఇప్పుడు ఏడు. ముప్పై ఒక్క వాయిదాలు గడిచాయి. కిందటి నెల కోర్టు వరండాలో రత్నం కన్నతల్లిని “ఆంటీ” అని పిలిచింది.

అసిరయ్య చేతిలో అట్టుముక్క ఆగిపోయింది. “ఏటీ? ఫోర్‌మన్ని కాదని సూపరింటెండెంటు కాడికెల్తే ఏటవుద్దో నాకు తెల్సు. జడ్జిగారికి కోపమొత్తే పిల్ల మనకి దక్కదు. రెండేళ్లనించీ ఒద్దే ఒద్దే అంతన్నానా?”

“నీ దండాలకి మెచ్చి పిల్లనిచ్చీసినాడేటి ఆ జడ్జిగారు?” అంది నూకాలమ్మ, పెనం మీంచి చూపు తిప్పకుండా.

“నువ్వూరుకో!”

“ఊరుకున్నాం కాబట్టే ఆంటీ దాకా వచ్చినాం.”

“అది ఎల్తే నేను కోర్టు గడప తొక్కను. సాచ్చికం సెప్పను.”

“బస్, ఇంక సాలు నాన్నా,” అంది పద్మ. “రెండేళ్లు నీ మాట ఇన్నాను.”

నూకాలమ్మ నాలుగట్లు పొట్లం కట్టి కూతురి సంచిలో పెట్టింది.

రెండు నెలలకు హైకోర్టు ఉత్తరువు వచ్చింది. మూడు నెలల్లో కేసు తేల్చాలి, ఊరికే వాయిదాలివ్వకూడదు. విచారణ రోజున, గడప తొక్కనన్న అసిరయ్య అందరికన్నా ముందు ఇస్త్రీ చొక్కాలో తయారయ్యాడు.

“జడ్జిగారి కోపం ఎంతుందో సూద్దారని,” అన్నాడు. నూకాలమ్మ నవ్వాపుకోవడానికి పైట నోటికి అడ్డం పెట్టుకుంది.

జడ్జిగారికి కోపమేమీ రాలేదు. అవతలి వకీలు వాయిదా అడిగితే, “హైకోర్టు ఉత్తరువు చూశారుగా? సాక్షిని పిలవండి,” అన్నారు.

అసిరయ్య బోనెక్కాడు. వకీలు హిందీలో నిలదీశాడు. “బిడ్డ మీద అంత ప్రేమున్న తల్లి ఇన్నాళ్లూ ఎందుకు ఊరుకుంది? పైకోర్టుకు ముందే వెళ్లచ్చుగా? పిల్ల అక్కర్లేకనే కదా?”

పద్మ తల దించుకుంది. గదిలో అసిరయ్య షిఫ్టువాళ్లు కూడా నలుగురున్నారు. ఆయన ఒక్క క్షణం వాళ్లవైపు చూశాడు, తర్వాత కూతురి వైపు.

“ఆమె ఊరుకోలేదు హుజూర్,” అన్నాడు హిందీలోనే. “రెండేళ్ల కిందటే వెళ్తానంది. నేనే ఆపాను. భయపడింది నేను, నా కూతురు కాదు.”

వెనక బెంచీలో నూకాలమ్మ నిటారుగా కూర్చుంది. ఆయన కూతురి వైపు తిరిగాడు. ఈసారి తెలుగులో, గదంతా వినబడేలా అన్నాడు.

“తప్పు నాదే అమ్మీ.”