నవ్వని ఫోటో

సీరియల్ మొదలయ్యే వేళకి నాగేశ్వరి వంటింట్లో చిక్కుడుకాయలు తుంచుతోంది. కింద ఎల్‌బీ నగర్ చౌరస్తాలో విజయవాడ బస్సులు హారన్లు కొడుతున్నాయి. హాల్లో భర్త విశ్వేశ్వరరావు సోఫాలో కూర్చుని టీవీలో తనను తాను చూసుకుంటున్నాడు. ఇరవై ఏళ్లకు పైబడిన అలవాటు.

తండ్రి, మామగారు, ఊరిపెద్ద. అన్నీ వేశాడు. సీరియళ్లలో చాలాసార్లు చచ్చాడు కూడా. చచ్చినప్పుడల్లా, షాట్ అవగానే లేచి కెమెరా కేసి చూస్తూ గట్టిగా నవ్వాలి. బతికే ఉన్నానని చెప్పుకోవడం అన్నమాట. ఆ నవ్వు కెమెరాలో తీయకుండా సెట్లో ఎవరూ ఇంటికి పంపరు.

ఈసారి ఆయన్ని పిలవనే లేదు. యాక్సిడెంటని ఒక్క డైలాగ్, గోడ మీద బంతిపూల దండ వేసిన ఫోటో. అంతే.

"శవంగా పడుకోడానికైనా పిలవలేదే," అన్నాడు. తెర మీది ఫోటో చూపించి, "అది మన అమ్మాయి తన్మయి పెళ్లిలో తీసింది కదా. వాళ్లకెలా దొరికింది?"

నాగేశ్వరి చెయ్యి ఆగిపోయింది. పోయిన వారం సీరియల్ మేనేజర్ మహిపాల్ ఫోన్ చేసి, సార్‌కి సర్‌ప్రైజ్, మంచి ఫోటో ఒకటి కావాలన్నాడు. కొత్త వేషమేమో అనుకుని తనే పంపింది. పెదాలు బిగించి, హుందాగా ఉన్న ఫోటో.

హాల్లోకి వచ్చింది. "ఏవండీ, ఒకసారి నవ్వండి."

"ఇది నవ్వొచ్చే పనేనా?" మెడ తడుముకున్నాడు. "ఇక్కడేదో బరువుగా ఉంది నాగూ. తడిగా..."

బంతిపూల వాసన. ఇంట్లో పువ్వన్నది లేదు.

బెల్ మోగింది. చెత్త కోసం వచ్చిన వాచ్‌మన్ భార్య రాములమ్మ గుమ్మంలోంచి టీవీ చూసి నవ్వింది.

"సీరియల్ల సార్‌ను సంపిన్రు గదమ్మా. గంత మంచిగ జేస్తుండె." హాలంతా కలియజూసింది. "ఏడీ సారు? షూటింగ్‌కు పోయిండా?"

ఆయన ఆమె ఎదురుగానే ఉన్నాడు. సోఫాలో.

నాగేశ్వరి తలూపింది. ఎందుకూపిందో ఆమెకే తెలీదు.

తలుపు వేసి, గడియ పెట్టి, దగ్గరికి వచ్చి గుసగుసగా అంది. "మీకు దణ్ణం పెడతాను... ఒక్కసారి... నవ్వండి."

ఆయన ప్రయత్నించాడు. కళ్లలో తెలుస్తోంది, ప్రయత్నిస్తున్నాడని. పెదాలు కదల్లేదు. బిగుసుకుపోయాయి... ఫోటోలో లాగే.

అప్పుడు వినబడింది నవ్వు. ఆయనదే. షాట్ అయ్యాక గొంతు నిండా నవ్వే నవ్వు.

టీవీలోంచి.

తెర మీద సీరియల్ కోడలు ఏడుస్తూనే ఉంది. ఆమెకి వినబడ్డట్టు లేదు. ఆమె వెనక గోడ మీద, దండ మధ్యలోంచి, పళ్లన్నీ కనబడేలా ఆయన ఇటే చూస్తున్నాడు...

నాగేశ్వరి సోఫా వైపు తిరగలేదు. అటు నుంచి బంతిపూల వాసన వస్తూనే ఉంది.