ఏడో మెట్టు

"ఇంకొంచెం సేపు ఉండనీ ఓబుళమ్మా! అడుగు కనపడతాది!" అని అరిచాడు వెంకటేశ్వర్లు.

వాడు బావి గట్టు మీద బోర్లా పడుకొని లోపలికి తొంగి చూస్తున్నాడు. పక్కన ఇంకో ముగ్గురు పిల్లలు. అందరూ ఐదో తరగతి వాళ్లే. ఎండలు ముదిరాయని ఒంటిపూట బడి పెట్టారు. ఇళ్లకు పోయి ఇంత సంగటి తిని, అందరూ నేరుగా ఇంజను చూడడానికి వచ్చారు.

అది కర్నూలు రాజధాని అయిన మరుసటి ఏడు. నెల కిందటే ఓబుళమ్మ వాళ్ల నాయన మద్దిలేటి రెడ్డి ఆ ఆయిలింజను తెప్పించాడు. చుట్టుపక్కల నాలుగు ఊళ్లలో అలాంటిది లేదు. అది డబడబమని కొట్టుకుంటుంటే గట్టు మీది రాళ్లు కూడా అదిరేవి. ఆ చప్పుడులో పక్కవాళ్ల మాటే వినపడేది కాదు. గొట్టంలోంచి నీళ్లు తెల్లగా దూకి కాలవలో పడేవి.

అంతకుముందు ఆ బావికి కపిల ఉండేది. రెండు ఎద్దులు ఏటవాలు బాటలో కిందికి నడిస్తే, తాడు లాగుకొని తోలుబాన నిండా నీళ్లు పైకి వచ్చేవి. ముసలి బొజ్జన్న ఆ ఎద్దులను తోలేవాడు. ఇప్పుడు ఎద్దులు కొట్టంలో నెమరేస్తున్నాయి. బొజ్జన్న దూరంగా ఎర్రగడ్డ చేలో ఒక్కో ఉల్లి మడికీ వరసగా నీళ్లు మళ్లిస్తున్నాడు.

గట్టు దగ్గర ఓబుళమ్మకు ఒక పని ఉంది. బావిలోకి నాపరాళ్ల మెట్లు ఉన్నాయి. నీళ్లు తగ్గే కొద్దీ ఒక్కో మెట్టూ తేలుతుంది. ఏడో మెట్టు కనపడగానే ఇంజను మీద ఉన్న మీటను పైకెత్తాలి. ఇంజను ఆగిపోతుంది. అంతే పని.

"ఏడో మెట్టే ఎందుకు?" అని ఓబుళమ్మ మొదటి రోజే అడిగింది.

"మా నాయన కాలం నుంచి అంతే పాపా. ఏడో మెట్టు తేలితే ఎద్దులను విప్పేది. ఇంజనైనా అంతే" అన్నాడు బొజ్జన్న. అంతకన్నా ఏమీ చెప్పలేదు.

ఇప్పుడు ఏడో మెట్టు తేలి కాసేపయింది. ఓబుళమ్మ చెయ్యి మీట దగ్గరే ఉంది.

"ఏమే, భయమా? ఇంజను మీదేనంటివే!" అన్నాడు వెంకటేశ్వర్లు.

"భయమెందుకు? మాదే."

"అయితే అడుగు చూపించు. ఈ బావి అడుగు ఊళ్లో ఎవురూ చూడలేదంట."

ఓబుళమ్మకు అవ్వ చెంబు గుర్తొచ్చింది. అవ్వ పుట్టింటి వాళ్లు పెట్టిన ఇత్తడి చెంబు అది. ఓబుళమ్మ పుట్టకముందే చెయ్యి జారి ఈ బావిలో పడిందట. అవ్వ ఇప్పటికీ దాని మాటెత్తి నిట్టూరుస్తుంది. అడుగు కనపడితే చెంబు కూడా కనపడుతుంది!

ఆమె మీట మీది నుంచి చెయ్యి తీసేసింది.

ఎనిమిదో మెట్టు తేలింది. తొమ్మిదోది, పదోది. నాచు పట్టిన మెట్లు ఎండలో మెరిశాయి. పిల్లలు ఒక్కో మెట్టుకూ చప్పట్లు కొట్టారు. పద్నాలుగో మెట్టు దగ్గర గొట్టం దగ్గినట్టు చప్పుడు చేసి, నీళ్లకు బదులు గాలి ఊదింది. అప్పుడు ఓబుళమ్మ మీట ఎత్తింది.

ఆమె చెంబు సంగతి చెప్పగానే వెంకటేశ్వర్లు మోకాలి లోతు బురదలో దిగి వెతికాడు. చెంబు దొరికింది! నల్లబడి, ఒక పక్క సొట్ట పడి ఉంది.

ఆ సాయంత్రం అవ్వ చెంబును చింతపండుతో తోమి తోమి, ఒళ్లో పెట్టుకొని కూర్చుంది. "మా అమ్మ చెయ్యి తగిలినట్టుంది" అంది. ఓబుళమ్మకు తాను ఎంతో మంచి పని చేశాననిపించింది.

మరుసటి రోజు బడిలో ఓబుళమ్మ పక్కన చోటు ఖాళీగా ఉంది. అది ఏసుమణి చోటు. ఏసుమణి వాళ్లు కింది పేటలో, చర్చి పక్కన ఉంటారు. లెక్కల్లో తరగతిలో ఆమెదే మొదటి మార్కు. వాళ్లమ్మ ప్రసవించి నాలుగు దినాలే అయింది. అయినా ఏసుమణి ఒక్క పూట కూడా మానలేదు.

ఆనందం అయ్యవారు హాజరు పట్టీ మూశారు. "పెద్ద పరీక్షలు పది దినాలు లేవు. ఈ సమయంలో మానితే ఎట్లా? ఓబుళమ్మా, బడి వదిలినాక పోయి కనుక్కొని రా."

కింది పేట ఓబుళమ్మ వాళ్ల చేను దాటి పల్లంలో ఉంది. ఆమె నడుచుకుంటూ పోయింది. చెంబు సంగతి ఏసుమణికి ఎలా చెప్పాలా అని దారంతా ఆలోచించుకుంది.

చర్చి పక్కన బావి చుట్టూ ఆడవాళ్లు కూర్చొని ఉన్నారు. అందరి దగ్గరా ఖాళీ కడవలు. ఒకామె చేద వదిలింది. గిలక కిర్రుకిర్రుమంది. పైకి వచ్చిన చేదలో ఎర్రటి బురద తప్ప ఏమీ లేదు.

ఏసుమణి వాళ్లమ్మ రత్నమణి ఇంటి గడపలో పసిబిడ్డను ఒళ్లో వేసుకొని కూర్చుంది.

"ఏసుమణి యాడ పోయింది రత్నమ్మా?"

"వంకకు పోయింది పాపా, కోడి కూయకముందే. ఇసుకలో చెలిమ తవ్వితే రవ్వన్ని నీళ్లు ఊరతాయి గదా. ఆడ గూడా గుంపేనంట."

"బావి..."

"నిన్న పొద్దు వాలేటప్పటి నుంచి బురదే వస్తాండాది. ఏమైందో ఏమో. నేను ఈ ఇంటికి వచ్చి పద్నాలుగేండ్లు. ఎంత ఎండాకాలమైనా ఈ బావి ఎండింది లేదు." రత్నమణి కొంగుతో బిడ్డ మొహం తుడిచింది. "వీనికి ఈ పొద్దు నీళ్లు గూడా పోయలేదు. తడిగుడ్డతో తుడిచి పెట్టినా. ఎండన పడి వచ్చినావు పాపా. మా ఇంట్లో మీరు తాగరనుకో. తాగుతానన్నా ఈ పొద్దు ఇచ్చేదానికి లేవు."

ఆ మాట ఆమె మామూలుగానే అంది.

అప్పుడే ఏసుమణి వచ్చింది. నెత్తి మీద కడవ, మొహం నిండా చెమట, గోళ్లలో ఇసుక. కడవలో సగమే నీళ్లున్నాయి. అవి కూడా మడ్డిగా ఉన్నాయి.

"ఏమే, నువ్వెందుకొచ్చినావు?"

"అయ్యవారు పంపినారు."

"లెక్కల్లో ఏం చెప్పినారు ఈ పొద్దు? వడ్డీ లెక్కలేనా?" అంటూ ఏసుమణి కడవ దించింది. "టెంకాయ చిప్పతో తోడాల ఓబుళమ్మా. ఒక చిప్ప నిండేదానికి నూరు లెక్కపెట్టాల. నేను ఎక్కాలన్నీ ఆడనే చదువుకున్నా."

నవ్వబోయింది కానీ నవ్వలేకపోయింది.

"నిన్న మధ్యాహ్నం రెండు కడవలు తోడినా. నీళ్లు బాగుండె. సాయంత్రం చేద వదిలితే టంగుమని రాయికి తగిలింది. అంతలోనే ఏమై ఉంటాది?"

నిన్న మధ్యాహ్నం. ఓబుళమ్మ కళ్ల ముందు నాచు పట్టిన మెట్లు కదిలాయి. ఎనిమిది, తొమ్మిది, పది. ఒక్కో మెట్టుకూ చప్పట్లు.

ఆమె చెంబు సంగతి చెప్పలేదు. వడ్డీ లెక్కలేనని మాత్రం చెప్పి వెనక్కి తిరిగింది.

తిరిగి వచ్చేటప్పుడు బొజ్జన్న కొట్టంలో ఎద్దులకు చొప్ప వేస్తూ కనపడ్డాడు.

"తాతా, మన బావికీ కింది పేట బావికీ ఏమన్నా సంబంధం ఉండాదా?"

బొజ్జన్న చొప్ప పక్కన పెట్టాడు.

"రెండిటికీ ఒకటే ఊట పాపా. పై నుంచి మనకొచ్చి, మన నుంచి వాళ్లకు పోతాది. ఏడో మెట్టు కిందుండేది వాళ్ల నీళ్లు. యాడా రాసి పెట్టిండ్లేదు. మా నాయన చెప్పినాడు, నేను చేసినా."

"నాకెందుకు చెప్పలేదు?"

"చెప్పాల్సిన పనే పడలేదు ఇన్నాళ్లూ. ఏడో మెట్టు తేలేటప్పటికి ఎద్దులు అలిసేవి, వాటి ఎనకాల నేను అలిసేవాణ్ని. విప్పేస్తిమి. మేము పండుకుంటే ఊట ఊరేది. ఇంజను అలవదు గదా. అందుకే గట్టు మీద నిన్ను కూచోబెట్టమని నేనే అడిగినా." ఆయన ఎద్దు గంగడోలు నిమిరాడు. "నిన్న నీళ్లు శానా సేపు వచ్చినాయి. ఏందబ్బా అనుకున్నా. అనుకొని గూడా మడులు పారించుకున్నా. నాదీ తప్పే."

ఆ సాయంత్రం మద్దిలేటి రెడ్డి అరుగు మీద కూర్చొని సంతోషంగా మాట్లాడుతున్నాడు. "చూసినావా అమ్మా, నాలుగు దినాల తడి ఒక్క పూటలో పారింది. రేపటి నుంచి పొద్దస్తమానం తోలిస్తా. పక్కన బీడుండేది రెండెకరాలు. దాంట్లో గూడా ఎర్రగడ్డ నాటిస్తా."

అవ్వ ఇత్తడి చెంబుతో నీళ్లు తాగుతోంది. చెంబు బంగారంలా మెరుస్తోంది.

ఓబుళమ్మ స్తంభం చాటు నుంచి ముందుకు వచ్చింది.

"నాయనా, నిన్న నేను ఏడో మెట్టు దగ్గర ఇంజను ఆపలేదు. అడుగు దాకా తోడించినా."

"తోడితే తోడినావులే. నీళ్లు మన చేనికే పోయినాయి గదా."

"కింది పేట బావి ఎండిపోయింది నాయనా."

మద్దిలేటి రెడ్డి మొహంలో సంతోషం తగ్గింది. "ఎండాకాలం. ఎండతాయి."

"ఎండాకాలానికి కాదు. నా వల్ల. బొజ్జన్న తాత చెప్పినాడు, ఒకటే ఊటంట."

"బొజ్జన్నకు కపిల పోయిందని బాధ" అన్నాడు నాయన విసుగ్గా. "నా బావి, నా ఇంజను. ఎర్రగడ్డ ఎండిపోతే ఎవరొచ్చి ఆదుకుంటారు? చిన్నపిల్లవు, నీకు తెలియదు, పో."

ఓబుళమ్మ పోలేదు.

"రత్నమ్మ బిడ్డ నాలుగు దినాల పిల్లోడు. వానికి ఈ పొద్దు నీళ్లు పోయలేదు నాయనా. నీళ్లు లేవు. ఏసుమణి వంకలో టెంకాయ చిప్పతో తోడతాండాది. బడికి రాలేదు."

అవ్వ చెంబు కింద పెట్టింది. అందులో ఇంకా సగం నీళ్లున్నాయి.

"ఈ చెంబు కోసమా?" అని అవ్వ మెల్లగా అడిగింది.

ఓబుళమ్మ తలూపింది. అవ్వ తిట్టలేదు. ఆ చెంబును చాలాసేపు చూసింది. తర్వాత కొడుకు వైపు తిరిగి, "బాలింత ఇల్లు, మద్దిలేటీ" అంది. అంతే.

మద్దిలేటి రెడ్డి కండువా దులిపి లేచి లోపలికి పోయాడు.

తెల్లవారగానే ఇంజను చప్పుడు వినపడింది. ఓబుళమ్మ పరుగెత్తుకుంటూ పోయింది. కానీ నీళ్లు ఎర్రగడ్డ చేలోకి పోవడం లేదు. బొజ్జన్న కాలవకు అడ్డంగా మట్టి వేసి, నీళ్లను పల్లం వైపు తిప్పాడు. రాత్రి ఊరిన కొద్దిపాటి నీళ్లు కింది పేట దారి పక్కన పారుతున్నాయి. ఆడవాళ్లు వరసగా కూర్చొని కడవలు నింపుకుంటున్నారు. బావి దగ్గరికి మాత్రం ఒక్కరూ రాలేదు. పేటవాళ్లు ఆ మెట్లు దిగరు. అది ఊళ్లో ఎప్పటినుంచో ఉన్న పద్ధతి. దాని గురించి ఓబుళమ్మ ఇంతవరకూ ఆలోచించలేదు. ఆ పొద్దు ఆలోచించింది.

నాయన ఇంజను పక్కన నిలబడి ఉన్నాడు. ఆమెను చూసి, "పేట బావి ఊరేదాకా చేనికి నీళ్లు లేవు. ఎర్రగడ్డ ఎంత దక్కితే అంత" అన్నాడు. కోపంగానే అన్నాడు. కానీ ఆ కోపం ఎవరి మీదో తెలియలేదు.

ఐదు రోజులు గడిచాయి. చేనికి నీళ్లు కట్టక ఒక వైపు నాలుగు మడులు పసుపుపచ్చగా మారాయి. బీడుగా ఉన్న రెండెకరాల మాట నాయన మళ్లీ ఎత్తలేదు.

ఆరో రోజు మధ్యాహ్నం చేనికి నీళ్లు పెట్టారు. ఓబుళమ్మ గట్టు మీద కూర్చుంది. ఒళ్లో లెక్కల పుస్తకం. పక్కన ఏసుమణి, ఓబుళమ్మే పిలిచి గట్టు మీద కూర్చోబెట్టింది. తప్పిపోయిన వడ్డీ లెక్కలు చెప్పించుకోవడానికి వచ్చి, తానే ఓబుళమ్మకు చెబుతోంది. ఇంజను చప్పుడులో గట్టిగా అరిస్తే కానీ వినపడటం లేదు. నిజం ఓబుళమ్మ మొన్ననే చెప్పేసింది. ఏసుమణి ఒక పూటంతా దూరంగా కూర్చుంది. తర్వాత తానే వచ్చి పలక అడిగింది.

నాలుగో మెట్టు తేలింది. ఐదు. ఆరు.

నాయన చేను గట్టు మీది నుంచి వచ్చాడు. పసుపుపచ్చని మడులకు నీళ్లు ఇంకా అందలేదు.

"ఇంకో రెండు మడులు పాపా. పావుగంట."

ఓబుళమ్మ బావిలోకి చూసింది. నీళ్లలో నుంచి నాపరాయి అంచు తడిగా తేలుతోంది. ఆమె మడుల వైపు చూసింది. అవి ఎండిపోతాయని ఆమెకూ తెలుసు.

"ఏడోది కనపడింది నాయనా" అంది. మీట పైకెత్తింది.

ఇంజను రెండుసార్లు కొట్టుకొని ఆగిపోయింది. మద్దిలేటి రెడ్డి పార భుజాన వేసుకొని వెనక్కి తిరిగాడు.

ఒక్కసారిగా అంతా నిశ్శబ్దమైంది. ఆ నిశ్శబ్దంలో, పల్లం వైపు నుంచి సన్నగా ఒక చప్పుడు. కిర్రుమని, ఆగి, మళ్లీ కిర్రుమని.

ఏసుమణి తలెత్తింది.

"మా అవ్వ తోడతాండాది" అంది. "రెండు బారలు లాగి ఆగుతాది. మళ్లా లాగుతాది. ఎవురు తోడతాండారో గిలకను బట్టి చెప్తా నేను."

ఓబుళమ్మ పుస్తకం మూసి, ఆ చప్పుడు ఆగేదాకా విన్నది.