నల్లమల బిలంలో కాలచక్రం

నల్లమల అంచున ఉన్న కాలయాన విశ్వవిద్యాలయంలో గంట మోగడమే పెద్ద వింత. కాలంలో వెనక్కీ ముందుకీ ప్రయాణించే విద్య నేర్చుకునే చోట వేళ చెప్పడం నామోషీ అని వాళ్ళ నమ్మకం. అందుకే ఏడాదికోసారి, తొలి ఆచార్యుల పేరు తలుచుకుని మాత్రమే, ఆ కంచుగంట మోగించేవారు. ఈసారి మోగించగానే అది నిలువునా పగిలింది. లోపలివైపు చెక్కిన గీతలు బయటపడ్డాయి. వాగు, జంట కొండలు, ఒక బిలం, బిలం అడుగున చక్రం గుర్తు.

అది తొలి ఆచార్యులు దాచిన కాలచక్రం. దాన్ని తిప్పితే గడిచిన పూటకు వెళ్ళవచ్చని అక్కడ అందరూ చదువుకున్నారు. చూసినవాళ్ళు గానీ, అలా వెళ్ళొచ్చినవాళ్ళు గానీ లేరు.

మర్నాడే ఆచార్య వేదాద్రి బయలుదేరాడు. వెంట ఆయన శిష్యురాలు కిన్నెర, దారి చూపడానికి చెంచుపెంట అనే అడవి గూడెం నుంచి బయ్యన్న. నాలుగో మనిషిని ఎవరూ పిలవలేదు. కిన్నెర తల్లి సీతారావమ్మ సంచీ ఒళ్ళో పెట్టుకుని జీపులో ముందే కూర్చుంది.

"అమ్మా, నా పరువు తీస్తున్నావు. దిగు."

"నీ పరువుకి చోటు చాలకపోతే దాన్ని దించు. నేను దిగను."

జీపు వాగు దాకానే వెళ్ళింది. అక్కణ్ణుంచి వెదురు పొదలు చీల్చుకుంటూ, పాచిరాళ్ళ మీద జారుతూ కాలినడక. సీతారావమ్మకు ప్రతి తీగా పాములాగే కనిపించింది. ప్రతి బండ వెనకా ఎలుగుబంటి ఉందనిపించింది.

"ఎలుగుంటే నాకు ముందే వాసనొస్తాదమ్మా," అన్నాడు బయ్యన్న. "నీ సంచీలో పులిహోర వాసన దానికి తగలకుంటే సాలు."

"తాళ్ళు రెండు తెచ్చారా, సారూ?" అని ఆమె వేదాద్రిని అడిగింది.

"ఒకటి గదిలో మరిచిపోయాను. ఏముంది, చక్రం దొరికాక నిన్నటికి వెళ్ళి తెచ్చుకుందాం."

కిన్నెర నవ్వింది. అక్కడ అందరికీ అదే అలవాటు. పాలు పొంగినా, పరీక్ష తప్పినా, వెనక్కెళ్ళి దిద్దుకుందాం అంటారు. సీతారావమ్మకు మాత్రం నవ్వు రాలేదు.

బిలంలోకి బోర్లా పడుకుని పాకారు. గబ్బిలాల గుంపు ముఖాల మీదుగా దూసుకుపోయింది. లోపల విశాలమైన గుహ, దాని మధ్య నుయ్యిలాంటి అగాధం. కిన్నెర నడుముకు తాడు కట్టుకుని దిగింది. టార్చి వెలుగు కిందికి కిందికి పోయి ఆగింది.

"దొరికింది సార్. తిరగలంత ఉంది, కంచుది. పళ్ళు కూడా చెక్కుచెదరలేదు."

వేదాద్రి మోకాళ్ళ మీద కూలబడి చేతులు జోడించాడు. అదే క్షణంలో పైన ఎక్కడో ఉరిమింది. ఆ వెనకే రాతిగోడ చీలికలోంచి ఎర్రని వరదనీరు అగాధంలోకి దూకింది.

"పైకి లాగండి," అని సీతారావమ్మ కేక పెట్టింది.

బయ్యన్న తాడు తడిమి చూశాడు. "రాతి అంచు కోసేసింది. పురి తెగిపోయింది. ఒక్క బరువుకే ఓర్సుకుంటాది. రెండోసారికి తెగుతాది."

అడుగు నుంచి కిన్నెర గొంతు వినిపించింది. "తాడు విప్పి చక్రానికి కట్టేశాను. ముందు దీన్ని లాగండి. ఇక్కడో పగులుంది, నీళ్ళు దీన్ని అందులోకి ఈడ్చుకుపోతాయి."

"మరి నువ్వో?"

"ఇది పైకొస్తే నేను బతికినట్టే కదమ్మా. సార్ పొద్దుటికి వెళ్ళి నన్ను దిగకుండా ఆపుతారు."

వేదాద్రి అప్పటికే తాడు పట్టుకున్నాడు. "అర్థం చేసుకోండమ్మా. చక్రం దక్కితే అన్నీ దక్కుతాయి."

సీతారావమ్మ రెండు చేతులతో తాడు పట్టి, అంచున ఉన్న రాతికి పాదాలు తన్నిపెట్టింది. "పొద్దుటికి వెళ్ళి ఎవర్ని ఆపుతారో ఆపుకోండి. ఇప్పుడు మునిగేది నా బిడ్డ. బయ్యన్నా, నేను చెప్పేదాకా ఇది అంగుళం కదలకూడదు."

"కదలదమ్మా," అంటూ బయ్యన్న ఆచార్యుడి చేతులు విడిపించాడు.

"అమ్మా, నీకు తెలియదు, ఊరుకో." నీళ్ళు కిన్నెర నడుము దాటాయి. "చక్రం విప్పను."

"విప్పకు." సీతారావమ్మ తాడు బయ్యన్నకు అప్పగించి చెంగు బిగించింది. అగాధం అంచున కూర్చుని కాళ్ళు లోపలికి వేలాడేసింది. "నేనూ వస్తున్నాను. మీ సారు ఇద్దర్నీ కలిపే ఆపుతాడులే."

"వద్దమ్మా. నీకు ఈత రాదు, చచ్చిపోతావు."

"చస్తే ఏమయిందే? చక్రం ఉందిగా."

నీళ్ళ హోరు పెరిగింది. సీతారావమ్మ అంచు మీద ఇంకాస్త ముందుకు జరిగింది.

కాసేపటికి తాడు రెండుసార్లు గుంజినట్టయింది. "కట్టుకున్నాను," అంది కిన్నెర, ఏడుపు గొంతుతో. "లాగండి."

ముగ్గురూ లాగారు. వేదాద్రి కూడా లాగాడు, పళ్ళు బిగబట్టి, కళ్ళు తుడుచుకోకుండా. కిన్నెర తల అంచు దాటేసరికి తాడు ఫట్టున తెగింది. సీతారావమ్మ కూతురి జడ ఒక చేత్తో, జబ్బ ఒక చేత్తో ఒడిసిపట్టి రాతి మీదికి ఈడ్చింది. అడుగున కంచు రాతికి కొట్టుకున్న మోత ఒక్కసారి వినిపించి ఆగిపోయింది.

"పరుగెత్తండి, దారి మూసుకుపోతాది," అని బయ్యన్న అరిచాడు. మోకాళ్ళ లోతు బురదలో పాకుతూ, ఒకరి కాళ్ళు ఒకరు పట్టుకుని వెలుతురులోకి వచ్చిపడ్డారు. వాళ్ళ వెనకే బిలం నోటి నిండా వరద పొంగింది.

వేదాద్రి వానలో కూర్చుని నీళ్ళవైపు చూశాడు. "అది నిజంగా పనిచేసేదే అయితేనో, అమ్మా?"

"పనిచేసేదేనేమో, సారూ. కాదని నేనెప్పుడన్నాను? దాని పరీక్షకి నా పిల్లని పెట్టొద్దన్నాను."

వాగు దాటి అవతలి గట్టు ఎక్కాక కిన్నెర తల్లి చెయ్యి పట్టుకుంది. "నువ్వు నిజంగా దూకేదానివా?"

"నువ్వు నిజంగా ఉండిపోయేదానివా?"

కిన్నెర తల దించుకుంది.

"నన్నడుగుతావేం మరి," అంది సీతారావమ్మ. "నడు, వాన ముదురుతోంది."