తగ్గనన్న కాళ్ళు

నరసాపురంలో దోమ కనిపిస్తే పిల్లలు చూడ్డానికి పరిగెత్తే రోజులవి. 2086. బోదకాలు తెచ్చే పురుగు కూడా అప్పటికి లోకంలో లేదు. అది పాడుచేసి పోయిన కాళ్ళు మాత్రం మిగిలాయి.

ఆ పురుగు దోమకాటుతో ఒంట్లోకి చేరి, శోషరస నాళాల్లో, అంటే లింఫ్ పారే దారుల్లో కాపురం పెట్టేది. ఏళ్ళ తరబడి మనిషికి ఏమీ తెలియదు. ఒకరోజు చలిజ్వరం వస్తుంది, గజ్జల్లో బిళ్ళ కడుతుంది, పాదం వాస్తుంది. జ్వరం పోతుంది గాని వాపు కొంచెం మిగులుతుంది. మళ్ళీ జ్వరం, ఇంకొంచెం వాపు. చివరికి చర్మం మందమై మడతలు పడుతుంది, వేళ్ళ సందులు పగులుతాయి. మందుతో పురుగు చచ్చేది గాని, అది చెడగొట్టిన నాళం తిరిగి వచ్చేది కాదు.

డాక్టర్ ఆద్య తయారుచేసింది ఆ నాళాన్నే. చూడ్డానికి అది మేజోడు. మోకాలి దాకా తొడిగితే అందులోని పోగులు చర్మంలోకి దిగి కొత్త నాళాలుగా అల్లుకుంటాయి. నిలిచిన నీరు పైకి పారుతుంది. దానికి ఆమె 'నాళపు మేజోడు' అని పేరు పెట్టింది. కాలి సంగతులు కనిపెట్టి చూస్తూ, అడిగినదానికి జవాబు చెప్పడానికి ఒక బుద్ధియంత్రాన్ని కూడా అందులో అమర్చింది. దాని పేరు వాహిని.

మేజోడుని మొదట తొడిగింది నరసాపురం పాదసేవ కేంద్రంలోని పదిమంది ముసలమ్మలకి. వాళ్ళు రోజూ మధ్యాహ్నం అక్కడ చేరి లేసు అల్లుకునేవారు, కాళ్ళు కడుక్కునేవారు. బోదకాలికి పాత వైద్యం అదే. సబ్బుతో కడగాలి, వేళ్ళ సందులు తుడిచి ఆరబెట్టాలి. బరువెక్కిన కాలిని వంగి అందుకోవడం కష్టం కాబట్టి ఒకరి కాలు ఒకరు కడిగేవారు.

మేజోళ్ళు తొడిగాక కాళ్ళు తగ్గాయి. చర్మం మెత్తబడింది. ఆద్యకి కడుపు నిండినట్టయింది. ఇంతలో పదిమందికీ మళ్ళీ వాపు మొదలైంది. మర్నాడు ఢిల్లీ నుంచి నిపుణుల సంఘం వస్తోంది. వాళ్ళు ఈ కాళ్ళు చూసి ఒప్పుకుంటే మేజోడు లోకానికి వెళ్తుంది. లేకపోతే గోదాములోకి వెళ్తుంది.

"లాస్యమ్మగారూ, మళ్ళీ వాచిందేంటండీ?" అంది ఆద్య, ముందు కూర్చున్నావిడ దగ్గరికి వచ్చి.

"ఆయ్, వాచిందండి," అంది లాస్యమ్మ లేసు అల్లుతూనే. డెబ్బై దాటిన మనిషి. గొంతులో బెంగ లేదు.

"జ్వరం గాని?"

"అబ్బే."

"మీ మేజోడు మంచిదేనండి డాక్టరమ్మా. మా కాళ్ళే చెప్పిన మాట వినవు," అంది పక్కనున్న హాసినమ్మ. మిగతావాళ్ళు నవ్వారు.

ఆద్య లాస్యమ్మ చీలమండ మీద బొటనవేలితో నొక్కింది. గుంట పడింది. ఏళ్ళనాటి బోదకాలు గట్టిపడి ఉంటుంది, నొక్కితే దిగదు. ఇది కొత్త నీరు.

"వాహినీ, నాళాలు మూసుకుపోయాయా?"

"లేదు. అన్నీ పారుతున్నాయి."

"మరి ఈ నీరేంటి?"

"మోకాలి పైన కట్టు ఉంది."

"ఇన్నాళ్ళూ చెప్పలేదేం?"

"మీరు నాళాల సంగతే అడిగారు."

లేసు సూదులు ఆగిపోయాయి. ఆద్య అడగ్గా లాస్యమ్మ చీర కుచ్చిళ్ళు పైకి జరిపింది. మోకాలి పైన లేసుదారం చుట్లు చుట్లుగా బిగించి ఉంది. ముళ్ళు చర్మంలోకి దిగి అచ్చులు పడ్డాయి. పదిమందిదీ అదే కథ.

"ఇదేం పనండీ! కాలు పోతుంది!"

"కోప్పడకండమ్మా. కాళ్ళు తగ్గాక ఇంక ఇక్కడికి రానక్కర్లేదు, సెంటరు ఎత్తేస్తాం అన్నారు కదా. మీరు శుభవార్తలాగే చెప్పారు. మేం ఇళ్ళకెళ్ళి ఏడ్చాం," అంది హాసినమ్మ.



"ఈ కాలు చూసి బస్సులో నా పక్క సీటులో కూచునేవారు కాదండి," అంది లాస్యమ్మ. "హాసిని దీన్ని ఒళ్ళో పెట్టుకుని తుడిచేది. బాగైన కాలుని ఎవరు ఒళ్ళో పెట్టుకుంటారు చెప్పండి?"

ఆద్య స్టూలు లాక్కుని కూర్చుంది. "రేపు ఈ వాపు చూస్తే మేజోడు పనిచేయలేదని రాసేస్తారండి. మీలాంటి కాళ్ళతో ఇంకా లక్షలమంది ఉన్నారు. వాళ్ళకి అందదు."

లాస్యమ్మ ఒళ్ళోని అల్లిక పక్కన పెట్టింది. తర్వాత లేసు కత్తెర తీసుకుని దారం కత్తిరించి, కత్తెర హాసినమ్మకి అందించింది.

"ఆ ముక్క ముందే చెప్పొచ్చు కదండీ. మాకు మా కాళ్ళే కనబడ్డాయి."

ఆ సాయంత్రం ఆద్య వాడకపు సూచనలు చెబుతుంటే వాహిని రాసుకుంది.

"మేజోడు తొడిగినవారు రోజూ మధ్యాహ్నం ఒకచోట చేరి, ఒకరి పాదాలు ఒకరు కడగాలి."

"నాళాలు పారుతుంటే ఆ అవసరం లేదు. ఆధారం లేని సూచన."

"రాయి."

"ఎన్నాళ్ళు?"

"జీవితాంతం."

"జబ్బు తగ్గాక కూడానా?"

"తగ్గాకే."

తెల్లారేసరికి కాళ్ళ వాపు దిగింది. సంఘంవారు జరిగిందంతా విన్నారు, కాళ్ళు చూశారు, ఒప్పుకున్నారు. పాదాలు కడగమంటే కాదనే డాక్టరు ఎవరుంటారు? ఆ సూచన మేజోడుతోపాటు ఊరూరా వెళ్ళింది.

ఏడాది తిరిగాక ఆద్య మళ్ళీ నరసాపురం వచ్చింది. కేంద్రం ముందు వరస రోడ్డు దాకా ఉంది. బోదకాళ్ళవాళ్ళు ఇంతమంది ఎక్కణ్ణుంచి వచ్చారో ఆమెకి అర్థం కాలేదు. మొదట నిలబడ్డాయన బ్యాంకు మేనేజరు. ప్యాంటు మోకాలి దాకా మడిచి, "వాపండి," అన్నాడు. ఆద్య నొక్కి చూసి, మేజోడు ఆనించింది. ఎండుకట్టెలాంటి కాలు.

"ఈయనకి జబ్బు లేదు," అంది వాహిని.

"ఉందండి," అన్నాడాయన గొంతు తగ్గించి. "మీ యంత్రానికి దొరకడం లేదంతే."

లాస్యమ్మ తొట్టితో వచ్చింది. ఆద్య చెవి దగ్గరికి వంగి చెప్పింది: "మా అమ్మమ్మ రోజుల్లో ఇంటింటికీ వచ్చి బోదకాలు రాకుండా బిళ్ళలు మింగమంటే, ఒంట్లో పురుగున్నోళ్ళు కూడా మాకేం జబ్బు లేదని పంపేసేవారంటండి."

తర్వాత పీట మీద కూర్చుని, ఒళ్ళో తువ్వాలు పరుచుకుని, మేనేజరు వైపు తిరిగింది.

"ఏ కాలు బాబూ, వాచింది?"

ఆయన ఆలోచించి, "రెండూనండి," అన్నాడు.